ఎగువ రాజుగారి పిచ్చుకలు

ముందు ఒక ప్రశ్న అడుగుతాను, ఆలోచించి చెప్పండి. ఇద్దరు రాజులు కొట్టుకుంటున్నారు. సరిగ్గా వాళ్ళ మధ్యన ఒక ఊరుంది. ఆ ఊరు ఏం చేస్తుంది?

కత్తి తీసి యుద్ధం చేస్తుందా? శభాష్ తేజా, సగం మార్కులు. మూటాముల్లె సర్దుకుని పారిపోతుందా? మేధా, నీకూ సగం. కానీ రెండు సగాలూ కలిపినా ఇక్కడ పూర్తి మార్కులు రావు. ఆ ఊరు వంట చేస్తుందమ్మా. పొద్దున్న వచ్చిన సైన్యానికి వండి పెడుతుంది. వాళ్ళని తరుముతూ సాయంత్రం ఇంకో సైన్యం వస్తుంది, మళ్ళీ పొయ్యి రాజేస్తుంది. ఇద్దరూ వెళ్ళిపోయాక గిన్నెలు తోముకుంటుంది.

నవ్వకండి. అది మన పెద్దవాళ్ళ ఊరే. మా అమ్మమ్మ నాకు చెప్పింది, ఆవిడకి వాళ్ళ అమ్మమ్మ చెప్పింది. ఇన్ని తరాలు చెప్పుకున్నా ఇందులో మనవాళ్ళు ఒక్కరూ వీరులుగా మారలేదంటే, కథ నిజాయితీ కలదేనన్నమాట.

సరే, అనగనగా ఏటికి ఎగువన ఒక రాజు, దిగువన ఒక రాజు, ఆ ఇద్దరి నడుమ రోటికీ రోకలికీ మధ్య పడ్డ గింజలాగా ఒక ఊరు. ఎగువ రాజు వచ్చాడు, మేకలు పోయాయి. దిగువ రాజు వచ్చాడు, మేకపిల్లలు పోయాయి. ఎగువ రాజు మళ్ళీ వచ్చాడు, గంప కింద కోళ్ళు పోయాయి. దిగువ రాజు మళ్ళీ వచ్చాడు, కోళ్ళు లేవని గంప పట్టుకుపోయాడు.

ఊ అనండర్రా. మీరు ఊ అనకపోతే నేను గోడకి పాఠం చెబుతున్నట్టు ఉంటుంది. అలా చాలా ఏళ్ళు చెప్పాను, ఇంక ఓపిక లేదు.

ఆ ఊరివాళ్ళ రాజభక్తి గొప్పది. ఎవరొస్తే వాళ్ళకి జై. ఒకనాడు పొలిమేరలో దుమ్ము లేచింది. ఎగువవాళ్ళో దిగువవాళ్ళో తెలియలేదు. ఎందుకైనా మంచిదని ఇద్దరు రాజులకీ కలిపి జై కొట్టి, సాష్టాంగపడి, లేచి చూస్తే, ఎదురుగా మేతకి వెళ్ళి వస్తున్న సొంత గేదెలు.

మొదటి జై కొట్టినవాడు గవరయ్య. ఆ ఊరి పెదకాపు, అంటే ఊరి పెద్ద. మన వంశానికి మూలపురుషుడు. ఆయన ధైర్యం గురించి ఒక్క ముక్క చెప్పి ముందుకెళతాను. ఒకసారి సైన్యం వస్తోందంటే ఊరి బెల్లం అంతా శ్మశానంలో పాతిపెట్టి, గవరయ్య ఒంటికి సున్నం పూసుకుని, దెయ్యంలా కాపలా కూర్చున్నాడు. చీకటి పడింది. దూరంగా ఒక సిపాయి దగ్గాడు. అంతే, దెయ్యం పరుగో పరుగు. సిపాయి దెయ్యాన్ని చూసి జడుసుకునేలోపే దెయ్యం ఇల్లు చేరి, తలుపు గడియ వేసుకుని, మంచం కిందకి దూరింది. బెల్లం మాత్రం సైన్యం తినలేదులెండి. చీమలు తిన్నాయి.

ఆ గవరయ్య పెళ్ళాం బంగారమ్మ. పేరు బంగారం, నోరు మిరపకాయ. వాళ్ళకి ఒక్కడే కొడుకు, సోములు. సోములు పెళ్ళాం నూకాలు. అత్తగారు పది మాటలంటే ఆ పిల్ల ఒక్కటి అనేది. ఆ ఒక్కటికీ అత్తగారి పదీ చెల్లిపోయేవి.

ఆ యేడు పంట కోసి కుప్పలేశారు. నూర్పులు ఇంకా మొదలవలేదు, ఎగువ రాజు సైన్యం వచ్చింది. కుప్పలన్నీ బండ్లకెత్తించింది. బండ్లకి ఎడ్లు కావాలని సోములు ఎడ్లతో సహా ఊళ్ళో ఎడ్లన్నిటినీ పట్టుకుంది. ఎడ్లని తోలడానికి మనిషి కావాలని సోముల్ని కూడా పట్టుకుంది. బండి మలుపు తిరుగుతుంటే సోములు వెనక్కి తిరిగి, విత్తనం జాగ్రత్త నూకాలూ అని అరిచాడట. నేను జాగ్రత్తగా వస్తానని అనలేదు, చూడండి. అది తన చేతిలో లేని పని అని అతనికి తెలుసు.

ఇక్కడ కొంచెం వివరించాలి. విత్తనం అంటే ఏమిటి? వచ్చే పంటకి దాచుకునే వడ్లు. తిండిగింజలు పోతే ఒక యేడు పస్తు. ఆకూ అలమూ తిని, గెంజి తాగి గట్టెక్కుతారు. విత్తనం పోతే మాత్రం ఊరే పోతుంది. వానలు పడ్డా చల్లడానికి గింజ ఉండదు. ఎవరి జోలె వాళ్ళు తగిలించుకుని తలో దిక్కూ పోవలసిందే. కుప్పలు వేసేటప్పుడే మంచి కంకులు ఏరి, నూర్చకుండా కట్టలు కట్టి, ఇళ్ళ అటకల మీద పెట్టుకున్నారు కాబట్టి అవి మిగిలాయి. ఊరు మొత్తానికి మిగిలింది అదే.

ఎండాకాలం చివర కబురొచ్చింది, దిగువ రాజు సైన్యం బయల్దేరిందని. ఈసారి వాళ్ళు ఇనపచువ్వలు తెస్తున్నారట. నేలలో గుచ్చి ధాన్యం పాతర్లు పట్టేస్తారట. అటకలు ఎక్కుతారట, పరుపులు కోస్తారట. ఊరంతా గవరయ్య అరుగు ముందు చేరింది. గవరయ్య లేచి గొంతు సవరించుకుని, సున్నం ఉందా అని అడిగాడు. బంగారమ్మ చూసిన చూపుకి మళ్ళీ కూర్చున్నాడు.

అప్పుడు నూకాలు చూరు వైపు చూపించింది. అక్కడ ఒక కంకుల కుచ్చు వేలాడుతోంది. కొత్త పంట రాగానే మొదటి కంకుల్ని జడలా అల్లి, పిచ్చుకలకని ప్రతి ఇంటి చూరుకీ ఒకటి కడతారు. అది పిట్టల వాటా. దాని మీద చెయ్యి వేస్తే మహాపాపం. ఎంత దోపిడీ సైన్యమైనా ఇల్లు ఊడ్చుకుపోయేది కానీ, కుచ్చు జోలికి పోయేది కాదు.

“మామా, విత్తనాన్ని ఎక్కడా దాచొద్దు. అందరి కళ్ళముందే వేలాడదీద్దాం” అంది నూకాలు.

ఇంకేముంది, అల్లారు. పొద్దుపోయేదాకా అల్లారు. చూరుకి కుచ్చులు, గుమ్మానికి కుచ్చులు, పశువులపాకకి కుచ్చులు, పాకలో పశువు లేకపోయినా కుచ్చులు. గవరయ్య మంచంకోళ్ళకి కూడా నాలుగు కట్టాడు. పాపభయం ఎక్కువ కదా ఆయనకి.

దిగువ సైన్యం వచ్చింది. ధాన్యం వెతికే పని ఒక మీసాల జమాదారుది. ఆయన వీధిలో నిలబడి ఊరంతా కలియజూశాడు.

“ఏమిటయ్యా ఇది?”

“పిచ్చుకలకండి బాబయ్యా” అన్నాడు గవరయ్య.

“ఇన్నా?”

“మా ఊళ్ళో భక్తి ఎక్కువండి.”

జమాదారు చెప్పులు విప్పి, కుచ్చులకి దణ్ణం పెట్టాడు. వెనక సిపాయిలూ పెట్టారు. ఇళ్ళు వెతికారు, అటకలెక్కారు, నేలంతా గుచ్చారు. ఏమీ దొరకలేదు. దళవాయిగారికి, అంటే సైన్యం పెద్దకి, ఈ ఊరు ఒట్టిపోయిందని జమాదారే చెప్పి వచ్చాడు. నూకాలు తెలివికి ఊరంతా లోలోపల మురిసిపోయింది.

మురిసిపోతే చాలా? మన తెలివి ఎప్పుడూ గడప దాకానే వస్తుంది. వాళ్ళు అనుకున్నదేమిటి? సైన్యం ఒక పూట ఉండి పోతుందని. సైన్యం ఏం చేసింది? ఊళ్ళోనే డేరాలు వేసింది. ఎగువ రాజు ఏరు దాటి వస్తాడు, ఇక్కడే కాచుకోవాలని ఆజ్ఞ.

ఇంకో సంగతి కూడా మనవాళ్ళకి తట్టలేదు. ఏమిటో చెప్పండి? చెప్పలేరా? పిచ్చుకలు!

యుద్ధంతో చుట్టుపక్కల ఏ ఊళ్ళోనూ గింజ లేదు. ఈ ఊళ్ళో చూరు చూరుకీ విందు. ఒక పిచ్చుక వచ్చింది. చెల్లెల్ని పిలిచింది. చెల్లెలు మరదల్ని పిలిచింది. మరదలు మేనత్తని, మేనత్త వియ్యపురాలిని, వియ్యపురాలు వీధి వీధినీ పిలుచుకొచ్చింది. కళ్ళముందే విత్తనం కటుకు కటుకుమని పొట్టై రాలిపోతోంది. హుష్ అనడానికి లేదు. పిచ్చుకలకి కట్టిన కంకుల మీద పిచ్చుకల్ని తోలితే, గుట్టు బయటపడదూ?

అప్పుడు చూడాలి మనవాళ్ళ అవస్థ. ఆడవాళ్ళు చూరు కింద నిలబడి, ఉతికిన చీరే మళ్ళీ మళ్ళీ దులిపారు. ముసలివాళ్ళకి ఎప్పుడూ లేని తుమ్ములు పట్టుకున్నాయి. పిల్లల్ని అల్లరి చేయండర్రా అని బతిమాలారు. బతిమాలేసరికి వాళ్ళు చేయడం మానేశారు. గవరయ్య చిడతలు పట్టుకుని ఇంటింటి చూరు కిందా భజన మొదలెట్టాడు. ఆయన గొంతు వింటే పిచ్చుకలేం ఖర్మ, కాకులు కూడా ఎగిరిపోయేవి. పాపం, సిపాయిలు ఆ భక్తికి కరిగి, పక్కన కూర్చుని తాళం వేసేవారు. భజన ఆగితే పిచ్చుకలు దిగేవి. గొంతు పోయి ఆయన సైగలతో అన్నం అడిగేదాకా వచ్చింది.

నూకాలు నవ్వలేదు. పగలంతా చూరు కింద కూర్చుని, రాలిన పొట్టు చీపురుతో పోగుచేసి, చేత్తో నలిపి చూసేది. గింజ దొరికితే కొంగున ముడి వేసుకునేది. ఎక్కువసార్లు పొట్టే. మీ అబ్బాయి వచ్చి విత్తనమేదని అడిగితే ఏం చూపించాలత్తా అని ఒకసారి అంది. బంగారమ్మకి ఆ మాట గుండెల్లో గుచ్చుకుంది. గుచ్చుకున్నా ఆవిడ ఓదార్చే రకం కాదు. ఏం చేసిందో తెలుసా? కోడలి చేతిలో చీపురు లాక్కుని పిచ్చుకల మీదకి విసిరేసింది.

“మీ గూళ్ళు కూల! మీ పొట్టలు పగల! ఊరి సొమ్మంతా మీ తాత కూడబెట్టాడనుకున్నారా? తినండి, తిని తిని ఎగరలేక చావండి!”

చీపురు వెళ్ళి జమాదారు తలపాగా మీద పడింది.

గవరయ్య భజన చేద్దామని నోరు తెరిచాడు, గాలి తప్ప ఏమీ రాలేదు.

జమాదారు చీపురు పుల్లలు మీసంలోంచి తీసుకుంటూ, నెమ్మదిగా అడిగాడు. “పిచ్చుకలకని కట్టారు. పిచ్చుకల్నే కొడుతున్నారు. ఏమిటమ్మా సంగతి?”

ఒక్క తప్పు మాట వస్తే ఆ సాయంత్రానికి ఊరి విత్తనం సైన్యం గుర్రాల దాణా. అందరి కళ్ళూ నూకాలు మీదే. ఆ పిల్ల కొంగు సర్దుకుని, తలెత్తి చెప్పింది.

“అవి మన పిచ్చుకలు కావండి బాబయ్యా. ఏటి అవతలివి. ఎగువ రాజుగారి పిచ్చుకలు. దిగువ రాజుగారి పిచ్చుకల వాటా కాజేసిపోతున్నాయి. మా అత్తకి రాజభక్తి ఎక్కువ, చూసి ఊరుకోలేకపోయింది.”

జమాదారు నూకాలుని చూశాడు. కుచ్చుల్ని చూశాడు. తన వెనకే నిలబడ్డ సిపాయిల్ని కూడా చూశాడు. వాళ్ళందరిచేతా ఈ కంకులకి దణ్ణం పెట్టించింది తనే కదా! ఊరు ఒట్టిపోయిందని దళవాయికి చెప్పిందీ తనే కదా! కాసేపు మీసం దువ్వుకున్నాడు. తర్వాత ఊరు అదిరేలా కేకేశాడు.

“శత్రువుల పిచ్చుకలా! మన రాజుగారి గింజ మీద వాలడమా! కాపలా పెట్టండిరా!”

అంతే. ఇంటింటి చూరు కిందా ఒక సిపాయి, చేతిలో ఈటె. వాళ్ళలో ఒక అమాయకుడు, అయ్యా, మన పిచ్చుక ఏదో శత్రువుల పిచ్చుక ఏదో ఎలా పోల్చుకోవాలి అని అడిగాడు. మనల్ని చూసి పారిపోయేది శత్రువుదిరా అన్నాడు జమాదారు. ఈటె చూసి పారిపోని పిచ్చుక ఎక్కడుంటుంది? ఆ రోజు నుంచి ఊళ్ళోవాళ్ళు హాయిగా నిద్రపోయారు. రెండు రాజ్యాల మధ్య యుద్ధంలో దిగువ సైన్యం గెలిచిన గొప్ప గెలుపు ఏదైనా ఉందంటే అదేనని మా అమ్మమ్మ అనేది.

పిచ్చుకలు పాపం కదా అంటున్నావా మేధా? నాకు తెలుసు నువ్వు అడుగుతావని. వాటి అసలు కుచ్చు, ఎప్పుడూ కట్టేది, ప్రతి ఇంటి వెనకా ఒకటి వదిలేశారు. ఆ పక్కకి కాపలా వద్దని నూకాలు అడిగి మరీ ఒప్పించింది. అవి నమ్మకస్తులైన పిచ్చుకలు, నాకు తెలుసు బాబయ్యా అని చెప్పిందట.

ఒక మధ్యాహ్నం మబ్బు కమ్మింది, చినుకులు మొదలయ్యాయి. ఏరు పొంగితే ఎగువ రాజు ఇక దాటి రాలేడని దళవాయి డేరాలు పీకించేశాడు. అందరికంటే చివర జమాదారు గుర్రమెక్కాడు. నూకాలు గుమ్మం ముందు ఆగి, వంగి, మెల్లగా అన్నాడు.

“వాన జోరందుకుంటోందమ్మా. విత్తనం తడవకుండా లోపల పెట్టుకో.”

అని వెళ్ళిపోయాడు. ఆ ఊళ్ళో ఎవరూ ఆయన ముందు విత్తనమన్న మాట ఎత్తలేదు. అయితే మొదటి నుంచీ తెలుసా, చీపురు దెబ్బ తిన్నాక తెలిసిందా? నన్నడిగితే నేనేం చెప్పను. మాష్టార్లకి కూడా తెలియనివి కొన్ని ఉంటాయి.

కంకులు దింపి నూర్చితే సగానికి పైగా మిగిలింది. చాలు. ఇక నారు పోయడానికి ఆకుమడి దున్నాలి. దున్నడానికి ఊళ్ళో ఒక్క ఎద్దు లేదు. కాడి పట్టుకుని బంగారమ్మ మొగుణ్ణి పిలిచింది. ఇన్నాళ్ళూ నేను మిమ్మల్ని ఎద్దుమొద్దు అన్నానని బాధపడ్డారు కదా, రండి, ఇవాళ దానికి గౌరవం దక్కుతుంది అని. గవరయ్య ఒక పక్క, పక్కింటాయన ఇంకో పక్క కాడి భుజానికెత్తుకున్నారు. నూకాలు వెనక నాగలి మేడి పట్టింది.

అలా మోకాలి లోతు బురదలో పోతుంటే, గట్టు మీద ఎవరో నిలబడి ఉన్నారు. ఎముకల గూడు, మాసిన గడ్డం. సోములు! ఎగువ సైన్యం ఏట్లో దిగబడిపోతే, బండి వదిలి ఈదుకుంటూ వచ్చేశాడు. ఎడ్లు రాలేదు, మనిషి వచ్చాడు. కాడి కింద తండ్రిని చూసి కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు. అప్పటికి గవరయ్యకి గొంతు కొంచెం తిరిగొచ్చింది.

“ఏడుపు తర్వాత, ముందు దిగి నా పక్క పట్టరా, నడుం విరిగిపోతోంది!”

సోములు దిగాడు. నూకాలు మేడి వదల్లేదు. నాగలి మాత్రం ఆ చాలంతా వంకరగా పోయిందట.

ఆఖరికి ఏ రాజు గెలిచాడంటావా తేజా? నాకు తెలియదు నాన్నా. నేనూ నీ అంతప్పుడు అడిగాను. మా అమ్మమ్మకీ తెలియదు. అప్పుడు ఊరంతా నాట్లలో ఉంది, ఎవరూ కనుక్కోలేదు.

నీతి కావాలా? రాసుకోండి. మన వంశంలో వీరులు లేరు. పరిగెత్తిన దెయ్యం ఉంది, గేదెలకి దణ్ణం పెట్టినవాళ్ళున్నారు, చీపురు విసిరిన ముసలమ్మ ఉంది. అయినా మీరిద్దరూ ఇవాళ ఇక్కడ కడుపునిండా తిని పడుకున్నారంటే, రాజుల చలవ కాదు. వచ్చే పంట గింజని ఎవరో చేత్తో ఏరి కొంగున ముడి వేసుకున్నందుకు. అంతే, ఇంకేం లేదు.

కథ కంచి దారి పట్టింది, మీరు దుప్పట్లోకి దారి పట్టండి. నేను వంటింటికి పోవాలి. ఆవకాయ జాడీకి వాసెన గుడ్డ కట్టకుండానే మీ దగ్గరికొచ్చి కూర్చున్నాను, చీమలు పట్టేస్తాయి. కళ్ళు మూసుకోండి, వస్తా.