గుప్పిట్లో చుక్కరాయి

“అవ్వా, దూరాన ఉన్న బిడ్డ గురించి కన్నవాడు ఎంత ఆలోచిస్తే సరిపోతుంది?”

ఒక వేసవి ఉదయం కొండమీది ఆశ్రమంలో ఓబులయ్య ఈ మాట అడిగాడు. ఆశ్రమం నడిపే తిప్పమ్మవ్వను శిష్యులు మాయ గురించి అడిగేవారు, మోక్షం గురించి అడిగేవారు. ఇలాంటి ప్రశ్న వేసినవాళ్లు లేరు. వంట చూసే గిడ్డయ్య పొయ్యి దగ్గర్నుంచే నవ్వాడు.

“సరిపోవడానికి అదేమన్నా ఉప్పా, ఓబులన్నా?”

ఓబులయ్యకు నవ్వు రాలేదు. ఆయన కూతురు కోనమ్మ తల్లి లేని పిల్ల. రెండు నదులు దాటి, సముద్రం ఒడ్డున ఉన్న ఒక రేవుపట్నంలో, పేరున్న వైద్యుడి దగ్గర విరిగిన ఎముకలు కట్టే విద్య నేర్చుకుంటోంది. పంపింది ఆయనే. పంపిన నాటి నుంచీ కుదురు లేనిదీ ఆయనకే. ఆ ఊరి నీళ్లు పిల్ల ఒంటికి పడ్డాయో లేదో, తడి జుట్టుతో పడుకుంటోందేమో, ఎవరైనా మాట అంటే లోలోపల కుమిలిపోతోందేమో అని వచ్చేపోయే బండివాళ్లనందరినీ ఆపి అడిగేవాడు. ఈసారి వచ్చినవాళ్లు కోనమ్మ తమకు కనబడలేదన్నారు. అంతే, ఆ పొద్దు వాలాక బయల్దేరే బండిలో వెళ్లి పిల్లను వెనక్కి తెచ్చేసుకుందామని మూట కట్టేశాడు. చదువు మధ్యలో గడప దాటినవాళ్లను ఆ వైద్యుడు మళ్లీ చేర్చుకోడు. ఆ సంగతి ఓబులయ్యకు బాగా తెలుసు. తెలిసే వెళ్లబోతున్నాడు.

అవ్వ లోపలికి వెళ్లి, పాత పట్టుగుడ్డలో చుట్టిన చుక్కరాయిని తెచ్చింది. అది ఆమె గురువుగారి గురువు కాలంలో, చుక్కలు రాలిన రాత్రి ఈ కొండమీద పడిందట. నిమ్మపండంత ఉంటుంది, నీళ్లు గడ్డకట్టినట్టు ఉంటుంది. దాని లోపల నక్షత్రాలన్నీ నలుసుల్లా మెరుస్తూ, ఆకాశం తిరిగినట్టే మెల్లగా తిరుగుతుంటాయి. అలాంటి రాయి మరొకటి ఎక్కడా ఉన్నట్టు ఎవరూ వినలేదు.

“పిల్ల పేరూ జన్మనక్షత్రమూ చెప్పు. ఆ చుక్క వెలుగుతుంది. పిల్ల చల్లగా ఉంటే రాయి చల్లగా ఉంటుంది. లేకపోతే వేడెక్కుతుంది. పెద్దలు చెప్పింది ఇంతే,” అని అవ్వ దాన్ని ఆయన చేతిలో పెట్టింది.

ఓబులయ్య మండపం నీడలో కూర్చున్నాడు. “కోనమ్మ, హస్తా నక్షత్రం,” అన్నాడు. రాయి లోపల ఒక నలుసు దీపంలా వెలిగింది. మరుక్షణం ఆ రాయి చలికాలపు తెల్లవారుజామున ముట్టుకున్న బావినీళ్లలా చల్లబడింది. ఆయనకు కళ్లు చెమర్చాయి. నా తల్లి చల్లగా ఉంది, అనుకున్నాడు.

అక్కడితో లేచి ఉంటే బాగుండేది. కానీ అది ఆ క్షణపు మాటే కదా. ఈపాటికి ఏ మెట్టుమీదో జారి ఉంటే? ఆయన గుప్పిలి మూశాడు. దాని మీద రెండో చెయ్యి వేసి, రొమ్ముకు అదుముకున్నాడు. పిల్ల పేరు చెబుతూనే ఉన్నాడు. గిడ్డయ్య అన్నానికి పిలిచినా కదల్లేదు. మధ్యాహ్నం దాటేసరికి రాయిలో చలువ తగ్గింది. ఇంకాసేపటికి అది గోరువెచ్చనైంది. ఆ తర్వాత వేడే.

“గిడ్డయ్యా, రాయి కాలుతోంది! నా బిడ్డకు జ్వరం!” అంటూ వంటింట్లోకి పరుగెత్తాడు.

గిడ్డయ్య ఆయన ముఖం చూశాడు. “జ్వరం వచ్చింది నీకేమో అన్నా. అద్దంలో చూసుకో, కొలిమిలా ఉన్నావు.”

ఓబులయ్య ఆ మాట వినిపించుకోకుండా మూట చంకన పెట్టుకుని, సెలవడగడానికి అవ్వ దగ్గరికి వెళ్లాడు. అవ్వ రాయిని ఆయన చేతిలోంచి తీసుకుని, వసారాలో నీడపట్టున ఉన్న నాపరాయి మీద పెట్టింది. “ప్రయాణం చేసేవాడివి. రెండు ముద్దలు తిని పో.”

ఆయన తిన్నాననిపించి చెయ్యి కడుక్కుని వచ్చాడు. “ఇప్పుడు ముట్టుకో,” అంది అవ్వ.

రాయి చల్లగా ఉంది. పొద్దున ఉన్నంత చల్లగా ఉంది. లోపల హస్త ఆరకుండా వెలుగుతూనే ఉంది.

“మరి ఇందాకటి వేడి, అవ్వా?”

అవ్వ రాయిని బిగించిన ఆయన ఎడమచెయ్యి పట్టుకుని, అరచేతిని ఆయన చెంపకే ఆనించింది. చెయ్యి ఇంకా నిప్పులా ఉంది. రాయి అంచులు దిగిన చోటల్లా ఎర్రటి గాట్లు పడి ఉన్నాయి. ఓబులయ్య ఆ చేతిని చాలాసేపు చూసుకున్నాడు.

ఇంతలో వాకిలి దగ్గర బండివాడు కేకేశాడు. “సామీ! ఎక్కుతావా, ఎద్దుల్ని తోలేయనా?”

ఓబులయ్య మూట తీసుకుని వెళ్లి బండిలో పెట్టాడు. తను ఎక్కలేదు.

“ఇందులో సున్నుండలున్నాయి. కోనమ్మకు ఇవ్వు. తడి తలతో పడుకోవద్దని చెప్పు. సందెవేళ రేవుకు ఒంటరిగా పోవద్దని చెప్పు. రాత్రిపూట పెరుగు...”

“ఇవన్నీ మోయాలంటే ఇంకో జత ఎద్దులు కావాల సామీ!” అన్నాడు బండివాడు.

ఓబులయ్య మూటను బండి లోపలికి జరిపాడు. “సున్నుండలు ఇవ్వు చాలు. బాగా నేర్చుకోమన్నానని చెప్పు.”

బండి కొండ దిగి మలుపు తిరిగేదాకా అక్కడే నిలబడ్డాడు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియనట్టు ఒకసారి కట్టుకున్నాడు, ఒకసారి వదిలేశాడు. కొట్టం దగ్గర్నుంచి అవ్వ పిలిచింది.

“ఓబులయ్యా, పాలు పితకాలి. వచ్చి ఈ దూడను పట్టుకో.”

ఆయన వచ్చి పలుపును చేతికి రెండు చుట్లు చుట్టుకుని, దూడను గట్టిగా దగ్గరకు లాగి పట్టుకున్నాడు. దూడ గింజుకుంది. ఆవు పాలు చేపడం మానేసి వెనక్కి తిరిగి చూసింది.

అవ్వ చెంబు పక్కన పెట్టి అంది: “మెడ బిగుస్తోంది నాయనా. తాడు చేతిలో ఉంటే చాలులే.”