అంచున నిలబడినావిడ పేరు

అది రెండువేల ఇరవైమూడు ఆగస్టు పన్నెండు, శనివారం, సాయంత్రం నాలుగున్నర. బాపట్లలో దీవెనమ్మ టీచరు గారి వరండాలో కూర్చుని శిష్యురాలు కెజియా అడగలేక అడగలేక అడిగింది. నాట్ల పాటల మీద తను రాసిన పరిశోధన సోమవారం యూనివర్సిటీలో ఇవ్వాలి. అందులో పాటలన్నీ సొంత నాయనమ్మ పాడినవే. కానీ పేరు రాయాల్సిన ప్రతిచోటా ‘ఒక కూలి స్త్రీ’ అని రాసుకుంటూ పోయింది. సొంతింటి గొడవ మోసుకొచ్చిందని పెద్ద చదువుల వాళ్ళు నవ్వుతారేమోనని బెరుకు.

“మా నాయనమ్మ పేరు లేకపోతే పాటకేం లోటండీ?”

టీచరు గారు వాదన పెట్టుకునే మనిషి కాదు. చిక్కుడుకాయల ఈనెలు తీస్తూ, తొంభైఏడులో ఇదే వరండాకి వచ్చిన లోరెయిన్ మేబ్రీ గారి సంగతి ఎత్తుకున్నారు. ఆవిడ అమెరికాలో నల్లజాతి పండితురాలు. అక్కడి పాత ఫొటోల్లో తెల్లవాళ్ళ బిడ్డల్ని చంకనేసుకుని నిలబడ్డ నల్ల ఆడవాళ్ళుంటారు. ఫొటో కింద పెంపుడు కుక్కకైనా పేరుంటుంది గానీ వాళ్ళకుండదు. ఆ పేర్ల కోసం ఊరూరా, చర్చి రిజిస్టర్లలో, సమాధుల మధ్య ముప్పై ఏళ్ళు తిరిగింది ఆ మహాతల్లి. ఇదీ ఒక చదువేనా అని వేళాకోళం చేసినవాళ్ళే తర్వాత ఆవిడ పుస్తకాలు పాఠం చెప్పుకున్నారు.

ఆవిడ వచ్చిన రోజు టీచరు గారు గోడ మీది మిషన్ కాంపౌండు ఫొటో దింపి, దొరగారినీ దొరసానినీ పాస్టరు గారినీ గొప్పగా చూపించారు. మేబ్రీ గారు అంతా విని, అంచున దొరగారి బిడ్డని ఎత్తుకున్నావిడ మీద వేలు ఆన్చి, పేరడిగారు. ఆయా అని చెప్పారు టీచరు గారు. అది ఆమె చేసిన పని, నేనడిగింది పేరు అన్నారావిడ. ఇచ్చిన కాఫీ చల్లారిపోయింది గానీ వేలు తియ్యలేదు. గుమ్మంలో నిలబడ్డ టీచరు గారి తల్లి రూతమ్మ గారు, ఏమడుగుతోందే అని కూతుర్నడిగి తెలుసుకుని చెప్పారు.

“మరియమ్మ. మా అమ్మ. ఆ పూట నన్నెవరెత్తుకున్నారో మరి.”

అరవై ఏళ్ళు ఆ ఫొటో గోడకుంది. అమ్మమ్మని ఎరగని కూతురికి రూతమ్మ గారు ఈ సంగతి ఏనాడూ చెప్పలేదు. మేబ్రీ గారు వెళ్ళి రూతమ్మ గారి కాళ్ళ దగ్గర నేలమీద కూర్చున్నారు. ఆ పేరు తెలుగులో ఎలా రాస్తారో నేర్పించుకుని, ఫొటో కింద తన చేత్తో రాశారు. ఆ వంకర అక్షరాలు ఇప్పటికీ ఉన్నాయి.

అంతవరకే చెప్పి టీచరు గారు చిక్కుళ్ళ గిన్నెతో లోపలికి పోయారు. కెజియా ఆ పూటకి అక్కడే ఉండిపోయింది.

మర్నాడు ఆదివారం. చర్చికి బయల్దేరేముందు ఆ ఇంట్లో ప్రార్థన చేసి, గతించినవాళ్ళని తలా ఒకరిని పేరుపెట్టి తలుచుకుంటారు. మేబ్రీ గారు వచ్చివెళ్ళాక మొదలైన అలవాటది. తొంభై దాటిన రూతమ్మ గారు మరియమ్మ అన్నారు. టీచరు గారు లోరెయిన్ మేబ్రీ అన్నారు. కెజియా వంతు వచ్చింది. “మార్తమ్మ... మా నాయనమ్మ” అని గొణిగింది.

టీచరు గారు కళ్ళు తెరవకుండానే అన్నారు.

“మా అమ్మకి చెముడు. వినబడేట్టు చెప్పమ్మా.”