గంజి ఆరకముందే

అనగనగా సముద్రపు గాలి తగిలే ఒక ఊళ్ళో ఒక నేతవీధి. ఆ వీధిలో భద్రమ్మ అని ఒక అవ్వ ఉండేది.

ఇప్పుడంటే నూలు మిల్లులోనే తయారై వచ్చేస్తోంది గానీ, అప్పట్లో తెల్లారితే చాలు, ఆ వీధి పొడవునా పడుగులే. పడుగంటే తెలుసుగా? చీరకి నిలువునా ఉండే దారాలు. వాటిని కర్రల మీద బారుగా చాచి, గంజి పట్టించి, పెద్ద కుంచెతో దువ్వుతారు. గంజి దారానికి బలం. కానీ ఆరేదాకా దువ్వుతూనే ఉండాలి. ఆపితే దారాలన్నీ ఒకదానికొకటి అంటుకుని కట్టెలా బిగుసుకుపోతాయి.

వీధంతా గంజి వాసన, కుంచెల చప్పుడు, ఆడవాళ్ళ కబుర్లు. ఆ తర్వాత కాలం మారింది. పడుగు చాచే ఇల్లు ఆ వీధిలో భద్రమ్మ ఇల్లొక్కటే మిగిలింది. ఆవిడ కుంచె పట్టిందంటే, నీకు అమ్మ జడ వేసేముందు చిక్కు తీస్తుందే, అలా విడిపోయేవి పోగులు.

ఆ వీధిలో ఒక పట్టింపు ఉంది. చాచిన పడుగుని ఎవరూ దాటకూడదు. ఎంత పనున్నా చుట్టూ తిరిగే వెళ్ళాలి. ఒకనాడు భద్రమ్మ అలా చుట్టూ తిరుగుతూ, నేల మీద ఒలికిన గంజి మీద కాలేసింది. జర్రున జారి పక్కకి పడిపోయింది.

కోడలు నాంచారమ్మ పరుగున వచ్చింది. "అత్తయ్యా, దెబ్బ తగిలిందా?"

"నా సంగతి తర్వాత చూద్దువు గానీ, పోగులేమైనా తెగాయేమో చూడవే" అంది భద్రమ్మ.

పోగులు తెగలేదు. తుంటి విరిగింది. ఆ కాలు రెండో కాలికంటే పొట్టిగా కనబడింది. పాదం బయటికి తిరిగిపోయింది. కదిపితే ప్రాణం పోతున్నట్టుంది.

తుంటి ఎలా ఉంటుందో చెప్తా. ఏదీ, నీ పిడికిలి ముడువు. దాన్ని రెండో అరచేతి గుంటలో పెట్టి తిప్పు. అదీ తుంటి కీలు. ఆ పిడికిలి కింద మణికట్టు ఉంది చూడు, తుంటిలో అలాంటి చోటే విరిగింది భద్రమ్మకి. పెద్దవాళ్ళ ఎముకలు గుల్లబారి ఉంటాయి నాన్నా, చిన్న పాటుకే విరుగుతాయి.

అప్పుడు వీధంతా చేరి తలొక మాటా చెప్పింది. ఒకాయన నూనె రాసి కాలు పట్టి లాగుదామన్నాడు. ఇంకొకాయన వెదురుబద్దలు పెట్టి కట్టేద్దామన్నాడు. పక్కింటావిడ, "ఈ వయసులో వదినకి కోతలెందుకు, మంచం వేసి పడుకోబెట్టండి, అదే అతుక్కుంటుంది" అంది.

కొడుకు మార్కండేయులు మాత్రం, "కాలు ఎవరూ ముట్టుకోకండి" అన్నాడు. కదలకుండా బల్ల మీదికి చేర్చి పట్నం ఆసుపత్రికి తీసుకెళ్ళాడు. డాక్టరు ఆలస్యం చెయ్యలేదు. మర్నాడే ఆపరేషన్ చేసి, లోపల కడ్డీ వేసి ఎముకని నిలబెట్టాడు.

ఆ తర్వాత రోజే రెహానా అనే అమ్మాయి వాకరు తెచ్చి పక్కన పెట్టింది. రోగుల్ని నడిపించడమే ఆ పిల్ల ఉద్యోగం.

"నిన్ననేగా కుట్లు వేశారు, అప్పుడే లేపుతావా తల్లీ? మీ ఇంట్లో అత్తగారు లేరా?" అంది భద్రమ్మ.

"లేరవ్వా, అందుకే మీ మీద పడ్డాను. లేవండి."

నవ్వుతూ, ఏడుస్తూ నాలుగడుగులు వేసింది భద్రమ్మ. ఇంటికి పంపేటప్పుడు రెహానా మరీ మరీ చెప్పింది, "రోజూ నడిపించండి. పడుకోబెడితే కాళ్ళలో సత్తువ పోతుంది, ఊపిరితిత్తుల్లో నెమ్ము చేరుతుంది, ఒళ్ళు పుండ్లు పడుతుంది."

అందరూ తలూపారు. ఇంటికొచ్చాక అందరూ మరిచిపోయారు. ప్రేమ అలాంటిదమ్మా, ఒక్కోసారి చెప్పిన పాఠం వినదు. మార్కండేయులు మెత్తటి పరుపు కొన్నాడు. నాంచారమ్మ అన్నీ మంచం దగ్గరికే అందించింది. పక్కింటావిడ వచ్చి ముద్దలు కలిపి పెట్టింది. వాకరు మూలన చేరి, తువ్వాళ్ళు ఆరేసుకోడానికి పనికొచ్చింది.

భద్రమ్మా లేస్తాననలేదు. ఎందుకంటే ఆ మంచం ఆవిడ అత్తగారిది. ఆ రోజుల్లో ఆ అత్తగారికీ తుంటే విరిగింది. కదలనివ్వకుండా అందరూ కాపలా కాశారు. అత్తగారు ఆ మంచం మళ్ళీ దిగలేదు. 'ఇక నా వంతు' అనుకుంది భద్రమ్మ. కుంచె కోడలి చేతికి ఇచ్చేసింది. కాళ్ళు సన్నబడ్డాయి. మడమ ఎర్రబడింది.

ఒక పొద్దున్న నాంచారమ్మ వీధిలో పడుగు దువ్వుతోంది. అత్తగారికి కాఫీ వేళయిందని కుంచె పక్కన పెట్టి లోపలికొచ్చింది.

భద్రమ్మ కిటికీలోంచి చూసింది. "గంజి ఆరిపోతోందే, కుంచె ఆపి వస్తావా?"

"మీకంటే ఎక్కువా అత్తయ్యా? ముందు కాఫీ తాగండి."

బయట పోగులు ఒకదానికొకటి అంటుకుంటున్నాయి. భద్రమ్మ తన తొడ మీద చెయ్యి వేసుకుంది. కట్టెలా ఉంది.

అప్పుడంది, "నాంచారీ, డాక్టరు నాకు గంజి పెట్టే పంపాడే. మనమే దువ్వడం మానేశాం. ఆ తువ్వాళ్ళు తీసి వాకరు ఇలా తే."

నాంచారమ్మ నడుం పట్టుకుంది. భద్రమ్మకి కాళ్ళు వణికాయి, కళ్ళు తిరిగాయి, పడిపోతానని భయమేసింది. అయినా నిలబడింది. ఆ రోజు గడప దాకా. ఆ తర్వాత పడుగు మొదటి కర్రల దాకా. ఆ తర్వాత, కొన్నాళ్ళకి, పడుగు చివరి దాకా. నాంచారమ్మ దువ్వుతుంటే, ఆవిడ వాకరుతో పక్కనే నడుస్తూ, "ఇదిగో ఇక్కడొక పోగు తెగింది, ముడెయ్యి" అని చెప్పేది.

అన్నీ తిరిగి రాలేదనుకో. నేల మీద బాసింపట్టు వేసుకు కూర్చోవడం మానేసింది. ఎత్తు కుర్చీ వచ్చింది, స్నానాలగదిలో పట్టుకోడానికి కడ్డీ వచ్చింది. వాకరు పోయి చేతికర్ర వచ్చింది. ఒలికిన గంజి వెంటనే తుడవకపోతే ఆ కర్ర నేల మీద టకటకమనేది.

ఒకరోజు నాంచారమ్మ కుంచె తిరిగి ఇవ్వబోయింది. "నీ చేతికి అలవాటు పడిందిలే, ఉంచుకో" అంది భద్రమ్మ. "ఆ మంచం మాత్రం డాబా మీదికెక్కించు."

ఇప్పుడా అత్తగారి మంచం మీద వడియాలు ఎండుతున్నాయి.

ఇంకా పిడికిలి పట్టుకునే ఉన్నావా? విప్పు నాన్నా, విప్పి పడుకో.

తెగిన పోగు అతికింది, విరిగిన తుంటి కుదిరింది,
కథ కర్ర పట్టుకుని కంచికి నడిచింది,
మనింట్లో నిద్ర మనకోసం పక్క పరిచింది.