కొండ నిద్రను చదివిన చేతులు

అనగనగా అనగానే ఒక ఊళ్ళో అనేస్తారేంట్రా, ఆగండి. ఇది కొండతో మొదలయ్యే కథ. అనగనగా ఒక కొండ. ఆ కొండ నిద్రపోతూ ఉండేది. ఔను, మీ తాతయ్యలాగే, గుర్రు పెట్టి మరీ. కొండ మీద ఊరు, ఊరి మీద కోట, కోట మీద రాజు, రాజు మీద కిరీటం, కిరీటం మీద ఈగ. కొండ ఒక్కసారి అటు నుంచి ఇటు ఒత్తిగిల్లిందంటే ఈగ తప్ప ఎవరూ మిగలరు. అదీ వాళ్ళ భయం.

అందుకని వాళ్ళకి ఒక చదువుండేది. అదురుశాస్త్రం అని. కంచు గిన్నెలో నీళ్ళు పోసి, అరచేతుల్లో పట్టుకుని నేల మీద బాసింపట్టు వేసుకుని కూర్చుంటే, కొండ అదురు ఒంట్లోంచి చేతుల్లోకి పాకి, నీళ్ళలో ఉంగరాలు లేస్తాయి. పెద్ద పెద్ద ఉంగరాలు నెమ్మదిగా వస్తే గుర్రు అదురు. వచ్చీ రానట్టుంటే కలవరింత అదురు. సన్నగా, గబగబా వచ్చాయా, అది మేలుకొలుపు అదురు. ఇంక మూటలు కట్టుకోవాల్సిందే.

ఊ కొడుతున్నారా? ఒసే పింకీ, వాడి మీంచి కాలు తియ్యి.

ఆ గిన్నెని పెద్ద గురువు ఒక్కరే పట్టుకోవాలి. ఆయన బతికుండగా ఇంకొకరు ముట్టుకుంటే అదురు మైలపడుతుందట. నేల మీద పెట్టకూడదు, రాయికి ప్రాణం లేదు గనక అబద్ధం చెబుతుందట. ఎవరు పెట్టారో ఆ నియమం, ఎందుకు పెట్టారో, అడిగినవాడు లేడు.

అప్పటి గురువు శేషాచల శాస్త్రులుగారు. ముసలాయన, మహా మంచాయన. కోడలు అలివేణి అడిగిందని ఆమెకీ ఆ చదువు చెప్పారు. ఆడపిల్లకి కొండ నిద్రతో పనేమిటని ఊరంతా దెప్పింది. కొండ మీద ఆడవాళ్ళు కాపురం ఉండటం లేదా, అని ఆయన తిప్పికొట్టారు. ఆ మాట అలివేణి ఏనాడూ మర్చిపోలేదు.

ఒక ఏడాది వానలకి ముందు శాస్త్రులుగారు గిన్నె పట్టుకున్నారు. సన్నగా, గబగబా ఉంగరాలు. మర్నాడూ అంతే. ఆ మర్నాడూ అంతే. వెళ్ళి రాజుకి చెప్పారు. వానలు పడేలోపు అందరూ కొండ దిగాలని రాజు చాటింపు వేయించాడు. దిగితే ఏముంది? బురద, దోమలు, మొసళ్ళు. బాలింతలు ఏడ్చారు, మంచాన ఉన్నవాళ్ళు మమ్మల్ని వదిలేసి మీరు పొండన్నారు. ఇంటింటి ముందూ బళ్ళు కట్టారు.

ఆ పూట అలివేణి మామగారికి అన్నం వడ్డించింది. ఆయన చారు గిన్నె ఎత్తి తాగబోతున్నారు. చూస్తే చారులో సన్నగా, గబగబా ఉంగరాలు. పీట పక్కనున్న మంచినీళ్ళ చెంబులో చూసింది. చుక్క కదల్లేదు. ఆ గిన్నె ఇలా ఇవ్వండి, కాస్త నెయ్యి వేస్తానంది. శాస్త్రం గిన్నె ముట్టుకోకూడదు గానీ చారు గిన్నెకి ఆ నియమం లేదుగా. ఆమె చేతికి రాగానే ఆ సన్న ఉంగరాలు ఆగిపోయాయి. ఆయన చేతికి తిరిగి వెళ్ళగానే మళ్ళీ మొదలు.

అలివేణికి సంగతి తెలిసిపోయింది. చెబితే ఆయన పరువు పోతుంది, చెప్పకపోతే ఊరు పోతుంది. సభలో లేచి చెప్పొచ్చు, నోరున్న పిల్లే. కానీ అక్కడే, ఆయన ముందే కూర్చుని మెల్లిగా చెప్పింది.

శాస్త్రులుగారికి కోపం వచ్చింది. "కొండని చదివిన చేతులమ్మా ఇవి. వీటినే శంకిస్తావా?"

"మామగారండీ, కొండని అడిగారు, నీళ్ళని అడిగారు. ఈ చేతుల్ని మాత్రం ఎవరం అడగలేదు. అడగనివ్వని నియమం శాస్త్రంలోది కాదండీ, భయంలోంచి పుట్టింది. ఇలా వాదించడం నేర్పింది మీరే."

ఆయన చారు గిన్నె కింద పెట్టి, తన చేతులు చూసుకున్నారు.

తెల్లారి బళ్ళు కదలబోతుంటే కోడల్ని వెంటబెట్టుకుని సభకి వెళ్ళారు. అందరూ చూస్తుండగా కంచు గిన్నె ఆమె చేతుల్లో పెట్టారు. మైల, మైల అని పండితులు గొణిగారు. నీళ్ళలో పెద్ద ఉంగరాలు, నెమ్మదిగా, హాయిగా. కొండ గాఢనిద్రలో ఉంది. అప్పుడు ఆయన గిన్నె తీసుకున్నారు. సన్నగా, గబగబా.

"వణికేది కొండ కాదు ప్రభూ. నేను."

ఎవరో ఒకడు నవ్వబోయాడు, పక్కవాడు డొక్కలో పొడిచాడు. దీనికి శాస్త్రంలో శిక్ష ఏమిటని మంత్రి అడిగాడు. శాస్త్రంలో ఆ అధ్యాయమే లేదు, నేనే రాయాలి అన్నారు శాస్త్రులుగారు. రాజు సింహాసనం దిగొచ్చి ఆ వణికే చేతులు రెండూ పట్టుకున్నాడు. ఇన్నేళ్ళూ మేం నిశ్చింతగా పడుకున్నది ఈ చేతుల చలవేగా, శిక్షేమిటి అన్నాడు.

బళ్ళు విప్పేశారు. బాలింతలు ఉయ్యాలలు మళ్ళీ కట్టుకున్నారు. ఆ రోజు నుంచి గిన్నె ఒక్కరి చేతిలో ఆగలేదు. అలివేణి పట్టుకుంది, పండితులు పట్టుకున్నారు, రాజుగారూ పట్టుకుని ఒలకబోసుకున్నాడు. శాస్త్రులుగారు మాత్రం కొత్తగా చేరిన పిల్లలకి మొదటి పాఠం చెప్పేవారు: కొండ వణుకు చూసేముందు నీ వణుకు చూసుకో, అని.

అదర్రా. పెద్దవాళ్ళు చెప్పినా సరే, మీరూ ఓసారి చేత్తో పట్టుకుని చూడండి. తప్పుంటే చెప్పండి. చెప్పేటప్పుడు మాత్రం ఎదురుగా కూర్చుని, మెల్లిగా చెప్పండి.

కథేమో కంచి దారి పట్టింది, మనం దుప్పట్లో దూరదాం. ఇంక కళ్ళు ముయ్యండి.