ఇంటి తాడు

కాలానికి నిలకడ లేని పొద్దూరులో నూకరాజు అనే తాపీమేస్త్రీ ఉండేవాడు. పనిలో అతన్ని మించినవాడు లేడు గానీ, ఎవరు పిలిచినా "ఇదొక్కటీ అయ్యాక" అనేవాడు.

ఆ ఊరి సంగతి ముందు చెప్పాలి. ఒక వీధిలో చద్దన్నం తింటుంటే పక్క వీధిలో దీపాలు పెట్టేవారు. ఒక్కోసారి ఒకే రోజున మూడు మధ్యాహ్నాలు వచ్చేవి. మూడుసార్లూ పొయ్యి రాజెయ్యలేక ఇల్లాళ్లకు తలప్రాణం తోకకొచ్చేది. ఎప్పుడో గడిచిపోయిన రోజు ఉన్నట్టుండి ఓ పూట తిరిగొచ్చి, పోయిన అవ్వ అరుగు మీద కూర్చుని కనబడేది. ఈ కాలాన్ని ఒక దారిలో పెట్టడానికే ఊరివాళ్లు ఏడు తరాలుగా ఊరి నడుమ ఆకాశమంత బురుజు కడుతున్నారు. ఆఖరి రాయి పడిన రోజున అందరికీ ఒకే పొద్దు, ఒకే సందె వస్తాయని పెద్దల మాట.

అయితే ఆ బురుజు ఎక్కినకొద్దీ కాలం నెమ్మదించేది. కొసన ఒక్క రాయి పెట్టేంతలో కింద నెల గడిచిపోయేది. అందుకని ఒక కట్టుబాటు పెట్టుకున్నారు. పైకెళ్లే మేస్త్రీ నడుముకు పొడవాటి తాడు కట్టుకోవాలి. దాని రెండో కొస అతని ఇంట్లో ఉంటుంది. ఇంటివాళ్లు లాగితే, 'వస్తున్నా' అన్నట్టు తాడును రెండుసార్లు కదిపి, చేతిలో ఏ పనున్నా వదిలి దిగిరావాలి. దాన్ని అందరూ ఇంటి తాడు అనేవారు.

బురుజుకు ఇంకా నూట నలభై రాళ్లు మిగిలాయనగా నూకరాజు వంతు వచ్చింది. భార్య సింహాద్రమ్మ అతని నడుముకు తాడు కడుతుంటే, ఆరేళ్ల కూతురు ముత్యాలు వచ్చి, కదులుతున్న ముందుపన్నును వేలితో ఊపి చూపించింది.

"నాన్నా, ఇది ఊడితే ఇంటి మీదకి ఎవరు విసురుతారు? నాకు అంతెత్తు పోదు."

"నేనే విసురుతానమ్మా. ఒక్క రాయేగా! నెల తిరగ్గానే వచ్చేస్తాను."

"ఇదొక్కటీ అయ్యాక అనవు కదా?"

"అనను, ఒట్టు," అని నూకరాజు నవ్వాడు.

"ఒట్లకేం కరువు," అంది సింహాద్రమ్మ, ముడి ఇంకాస్త బిగిస్తూ.

నూకరాజు పైకెక్కి రాయి పెట్టాడు. అది నూలు పట్టినట్టు కుదిరింది. అంతలోనే నడుము దగ్గర తాడు లాగింది. చిన్న చేతులు లాగిన లాగుడని అతనికి తెలిసింది. మనసు పీకింది కూడా. కానీ మిగతా రాళ్లన్నీ పక్కనే పేర్చి ఉన్నాయి, సున్నం ఇంకా పచ్చిగా ఉంది.

"ఇదొక్కటీ అయ్యాక," అనుకున్నాడు.

ఆ ఒక్కటీ అయ్యాక ఇంకొకటి అయింది. "నేనేమైనా నా కోసం చేస్తున్నానా? ఇది పూర్తయితే కాలం కుదుటపడుతుంది. ఇక ఎక్కే పనే ఉండదు, రోజూ పిల్లతోనే ఉండొచ్చు," అని తనకు తానే నచ్చజెప్పుకున్నాడు. పైగా అక్కడ గోడ మీద ఎండ జానెడైనా జరగలేదు. ఎండ జరగని చోట నెలలు పోతున్నాయంటే ఎవరికైనా నమ్మబుద్ధి అవుతుందా? తాడు మాత్రం లాగుతూనే ఉంది. తాపీలో సున్నం ఒలికిపోతుంటే విసుగెత్తి, ముడి విప్పి, తాడును పరంజా వెదురుకు కట్టేశాడు. ఏడు తరాల్లో ఎవరూ చెయ్యని పని అది.

పొద్దు వాలుతుండగా ఆఖరి రాయి పెట్టాడు. కింద ఊరంతటా ఒకేసారి సందె దీపాలు వెలిగాయి. నూకరాజు పొంగిపోయి, గబగబా మెట్లు దిగి ఇంటికి పరుగెత్తాడు.

గుమ్మంలో పద్దెనిమిదేళ్ల పిల్ల నిలబడి ఉంది. తాడు కొస ఆమె చేతికి చుట్టి ఉంది.

"అమ్మా, ఇది మేస్త్రీ నూకరాజు ఇల్లేనా?" అని తడబడుతూ అడిగాడు.

ఆమె అతని నడుము వంక చూసింది. "తాడేది నాన్నా?" అంది.

నూట నలభై రాళ్లంటే పన్నెండేళ్లకు కాస్త తక్కువ. ఆ లెక్క నూకరాజుకు అప్పుడు తెలిసొచ్చింది. తల దించుకుని, వెదురుకు కట్టానని చెప్పాడు.

"అయితే రెండుసార్లు కదిపింది నువ్వు కాదా?" అని ముత్యాలు తన చేతికున్న తాడు వంక చూసుకుంది. "గాలి వీచిన రోజున తాడు కదిలేది. నాన్న వస్తున్నానంటున్నాడని అమ్మ నీకూ కలిపి వండేది. వెళ్లి చూడండంటే, జవాబిస్తున్నాడుగా, దారిలో ఉంటాడనేవారు పెద్దలు."

నూకరాజు మెట్టు మీద కూలబడి ఏడ్చాడు. "మన ఊళ్లో పోయిన రోజులు తిరిగొస్తాయి కదా! నీ పన్ను ఊడిన రోజు ఒక్క పూట వస్తే చాలు," అన్నాడు.

"ఇక రాదయ్యా. కాలాన్ని ఒక దారిలో పెట్టేశావు కదా," అంది సింహాద్రమ్మ, లోపలి నుంచి వచ్చి. ఆమె జుట్టు సగం నెరిసింది. పన్నెండేళ్లుగా దాచుకున్న తిట్లన్నీ పక్కన పెట్టి, కొంగుతో అతని మొహానికి అంటిన సున్నం తుడిచింది.

ముత్యాలు లోపలికెళ్లి చిన్న భరిణె తెచ్చింది. మూత తీస్తే అందులో పాలపళ్లు, మొత్తం ఇరవై.

"ఇప్పుడు నేనే విసరగలను. కానీ నువ్వు విసురుతానన్నావుగా, అందుకే దాచాను," అంది.

అంతలో డప్పులు మోగాయి. ఊరి పెద్దలు పూలదండతో వచ్చారు.

"నూకరాజూ, పల్లకీ సిద్ధం చేశాం! ఊరంతా నీ కోసం కాచుకుని ఉంది, పద!"

నూకరాజు కళ్లు తుడుచుకుని లేచాడు. భరిణెలోంచి ఒక పన్ను తీసి, ముత్యాలు చెయ్యి పట్టుకుని వాకిట్లోకి నడిచాడు.

"ఇదొక్కటీ అయ్యాక వస్తాను," అన్నాడు వాళ్లతో. భరిణెలో ఇంకా పంతొమ్మిది ఉన్నాయి.

మనవాళ్ల కోసం చేసే పనైనా సరే, వాళ్లు పిలిచినప్పుడు ఆపి దిగిరావాలి. పని రేపటికి ఆగుతుంది, పిల్లల చిన్నతనం ఆగదు.