వెనకగాలిలో చుక్కాలు

మూడు చందమామలు పొడిచే దేశంలో గవ్వలపాడని ఒక ఊరుంది. ఆ ఊరికి రావలసిన తెలివంతా దారి తప్పకుండా తమ ఇంటికే వచ్చి చేరిందని నూకాలుకి గట్టి నమ్మకం. ఆమె మొగుడు బుచ్చెన్నదీ, మరిది గుంపస్వామిదీ అదే మాట. మొన్న వాన మొదలవగానే, ఆరేసిన బట్టలు తడిసిపోతాయని పరుగున తీసుకెళ్ళి బావిలో దాచింది ఎవరు? వాళ్ళే. అంతటి బుర్ర ఊళ్ళో ఇంకెవరికుంది చెప్పండి!

అలాంటి ఇంటికి కష్టమొచ్చింది. వాళ్ళ గేదె చుక్కాలు వట్టిపోయింది. నుదుటి మీద తెల్లచుక్క, పుట్టుకతోనే కుడిచెవికి చిన్న చీలిక ఉన్న గేదె అది. నూకాలు కాపురానికి వచ్చిన ఏడు అదింకా పెయ్యదూడ. చేత్తో గంజి తాగించి, మంచం పక్కన కట్టుకుని పెంచింది. "పాలివ్వనిదాన్ని ఎన్నాళ్ళు మేపుతాం? వచ్చే సంతలో అమ్మేద్దాం" అని బుచ్చెన్న అన్న దగ్గర్నుంచి ఆమెకు ముద్ద దిగడం లేదు.

ఆ దేశంలో ఏడాదికి ఒకసారి వెనకగాలి వీస్తుంది. అది తగిలినదల్లా వయసులో వెనక్కి పోతుంది. పెరుగు పాలవుతుంది. బట్టతల మీద జుట్టు మొలుస్తుంది. నాటుమందులిచ్చే సన్నాసమ్మ మామ్మ ముందురోజే వచ్చి మరీ చెప్పింది.

"రేపు మధ్యాన్నం గాలొస్తాది. గేదెని వాకిట్లో కట్టండి. వంద లెక్కెట్టి లోపలికి తోలీండి. పాలిచ్చిన రోజులకి ఎల్లిపోతాది. మీరు మటుకు గాల్లోకి అడుగెట్టకండి. ఎనక్కెల్లినోల్లకి జరిగిందేటీ గురుతుండదు."

మర్నాడు పొద్దున్నే గేదెను వాకిట్లో గుంజకి కట్టి, గంజి తాగి, ముగ్గురూ లోపల కూర్చున్నారు. మధ్యాహ్నానికి గాలి వచ్చింది.

"వదినా, ఏటి లెక్కెట్టాల?" అన్నాడు గుంపస్వామి. "వందంది మామ్మ. వంద ఏటో సెప్పలేదు."

"ఒట్టి నోటితో లెక్కెడితే ఏటి తెలుస్తాది? సరుకుండాల" అన్నాడు బుచ్చెన్న.

ఇంకేముంది, ఎండుమిరపకాయల బుట్ట దింపారు. బుచ్చెన్న ఒక్కొక్కటే తీసి లెక్కపెట్టసాగాడు. అరవై దాకా వచ్చేసరికి ఘాటుకి తుమ్మాడు. అంతే, లెక్క పోయింది. మళ్ళీ మొదలెట్టాడు. మళ్ళీ తుమ్మాడు.

నూకాలు కిటికీలోంచి చూస్తోంది. గాలికి గుంజ చిగుళ్ళు వేసింది. చుక్కాలు ఒళ్ళు నిగనిగలాడింది. పొదుగు కుండలా నిండింది.

"మావా! పాలొచ్చేసినాయి! తోలీండి!"

"ఉండవే! ఇంకా వంద అవ్వలేదు. మామ్మ మాటంటే మాటే!"

మూడోసారికి బుట్ట ఖాళీ అయింది. తేలినవి ఎనభై ఏడు. ఇంకా పదమూడు కావాలి. పక్కింటివాళ్ళదీ వీళ్ళదీ ఒకటే గోడ. గోడలో కన్నం ఉంది. గుంపస్వామి ఆ కన్నంలోంచి మిరపకాయలు అడిగి, ఒక్కొక్కటే అందుకుని, తొడిమె ఉందో లేదో చూసి అన్నకిచ్చాడు. తొడిమె లేనివి తిప్పి పంపాడు. చివరికి బుచ్చెన్న వందో కాయ పైకెత్తి "వంద!" అని కేక పెట్టేసరికి వాకిట్లో గేదె లేదు. చెవులాడించుకుంటూ చిన్న పెయ్యదూడ నిలబడి ఉంది.

"చుక్కాలూ!" అంది నూకాలు. దూడ ఒక్క ఉరుకున గడప దాటి వచ్చి ఆమె చెయ్యి నాకింది. నూకాలుకి నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. పన్నెండేళ్ళ కిందట పక్కలో పెట్టుకున్న పసిది మళ్ళీ ఒళ్ళోకి వచ్చింది మరి!

"ముద్దుగానే ఉంది. పాలేవీ?" అన్నాడు బుచ్చెన్న.

ముగ్గురూ ఆలోచించారు. అందులో గుంపస్వామి ఎక్కువ ఆలోచించాడు.

"అన్నా, తప్పు సేసింది గేదె కాదు, మనం. మనమే పొద్దుటికి ఎల్లిపోతే ఆ తప్పు సెయ్యనట్టే కదేటి?"

"మరి అడుగెట్టొద్దంది కదరా?"

"దొర్లొద్దనలేదు!"

ఆ తెలివికి నూకాలే ముచ్చటపడిపోయింది. దూడకు ఇంక గాలి తగలకూడదని లోపలిగదిలో కట్టి, ఆ గది తలుపు బిగించారు. ముగ్గురూ కాళ్ళు పైకెత్తి, ఒక్క అడుగు కూడా నేల తగలనీయకుండా, వాకిట్లోకి దొర్లారు. అప్పటికి గాలి నీరసించింది. ఆఖరి విసురు ఒకటి వాళ్ళ మీదుగా పోయి ఆగిపోయింది. అంతే, ముగ్గురూ పొద్దుటికి, గంజి తాగక ముందుకి వెళ్ళిపోయారు.

"మావా, మనం కాళ్ళెత్తుకుని ఇక్కడెందుకు పడుకున్నాం?"

"గాలి కోసం సూస్తన్నాం గావాల. సూరీడప్పుడే నడినెత్తికొచ్చీసినాడు. ఇయ్యాల ఆడికి తొందరెక్కువ."

ఆకలి దంచేస్తోంది. లోపలికి వెళ్ళి చూస్తే గంజికుండ ఖాళీ. మిరపకాయలు నేలంతా పరిచి ఉన్నాయి. గుంజ దగ్గర ఉండాల్సిన గేదె లేదు. ఇంట్లో ఎవరిదో దూడ!

"దొంగోడు!" అని గుండెలు బాదుకుంది నూకాలు. "నా చుక్కాల్ని ఎత్తుకుపోయినాడు! మన గంజి కూడా తాగీసినాడు!"

"ఎంత మాయగాడో సూడు వదినా! మనం పోల్చుకోకుండా దీనికి చుక్కెట్టి, చెవి కూడా సీల్చి వదిలీసినాడు!"

"దూడని ఇప్పండి. అది దొంగోడింటికే పోతాది" అన్నాడు బుచ్చెన్న.

విప్పి వీధిలోకి తోలారు. ముగ్గురూ కర్రలు పట్టుకుని దాని వెనకే నడిచారు. దూడ వేపచెట్టు దాకా వెళ్ళింది, అటూ ఇటూ చూసింది, గిరుక్కున తిరిగి తిన్నగా వాళ్ళ గడప ఎక్కి, "అంబా" అంది.

గుంపస్వామి గబుక్కున కర్ర పైకెత్తాడు.

"ఓలమ్మో! దొంగోడు మనింట్లోనే కాపురముంటన్నాడు!"

ఇంకేముంది, దూడను బయటికి లాగి, దొంగ తప్పించుకుపోకుండా ఇంటికి బయటనుంచి తాళం వేశారు. అన్నదమ్ములు కర్రలతో గుమ్మానికి అటొకరు ఇటొకరు కాపలా కూర్చున్నారు. నూకాలు కళ్ళు తుడుచుకుంటూ అరుగు మీద కూలబడింది. దూడ వచ్చి ఆమె ఒళ్ళో తల పెట్టింది. ఆమెకు దాన్ని తోసెయ్యబుద్ధి కాలేదు.

"నువ్వేటి సేస్తావులే, పసిదానివి" అంది దాని చెవి నిమురుతూ. "మా చుక్కాలు దొరకనీ, దాని పాలే నీకు పట్టిస్తాను."