నాలుగో తిప్పు

కొండుభట్లు గారికి ప్రశ్న అడిగిన వెంటనే జవాబు చెప్పే అలవాటు లేదు. ముందు పైపంచె తీసి దులుపుతారు, మళ్లీ భుజాన వేసుకుంటారు. అప్పటికీ అడిగినవాడు కదలకుండా కూర్చుంటే ఏదో జరిగిన సంగతి మొదలుపెడతారు. ఆ రోజు అలా కూర్చున్నవాడు శిష్యుడు శ్రీపతి. తోటి విద్యార్థి మాధవుడు శ్రీపతి తాటాకు పుస్తకాన్ని బావిలో పారేస్తుండగా అతను పొద్దున కళ్లారా చూశాడు. వాణ్ణి మఠం నుంచి వెళ్లగొట్టించాలని పంతం పట్టి వచ్చాడు.

"కంటితో చూసినదానికి మించిన సాక్ష్యం ఏముంది గురువుగారూ? జరిగింది జరిగినట్టు చూపించే సాధనం ఒకటి ఉంటే లోకంలో అన్యాయమే ఉండదు" అన్నాడు.

"అలాంటి సాధనం ఉండేది నాయనా. గుండ్లపాడులో ఉండేది" అని గురువుగారు చెప్పడం మొదలుపెట్టారు.

అది చేటంత కంచు పళ్లెం. అంచుకు ఒక పిడి, అడుగున ఒక ఇనుప గంటం. దాన్ని ఏ చోట పెట్టి పిడిని ఒక్క తిప్పు వెనక్కి తిప్పితే, ఆ చోట నిన్న జరిగినదంతా పళ్లెంలో కనిపించేది. రెండు తిప్పితే మొన్నటిది. కనిపించినదాన్ని గంటం తనంతట తానే తాటాకు మీద రాసేది. ఆకు మీద పడ్డదే తీర్పు. పళ్లెం అబద్ధం చెప్పదని ఆ ఊళ్లో పసిపిల్లలు కూడా అనేవారు. మూడు తిప్పులకు మించి తిప్పకూడదని కూడా అంత గట్టిగానే అనేవారు. ఎందుకని ఎవరూ అడగలేదు. అడిగితే నియమం చిన్నబుచ్చుకుంటుందనుకున్నారు కాబోలు.

ఊరి పెత్తందారు జగ్గరాయుడు ఒక ఉదయం ఆ పళ్లేన్ని కాలువ గట్టు మీదికి తెప్పించాడు. కింది పేట బంగారక్క గట్టుకు గండి కొట్టిందని, గట్టు కిందున్న తన చెరకుతోట మునిగిందని ఫిర్యాదు. నేరం రుజువైతే ఆమె గుడిసె, అరెకరం వరిమడి వదిలి ఊరు దాటిపోవాలి. గండి పడి అప్పటికి సరిగ్గా మూడు రోజులు. తోట మునిగిన నాడే గుండెలు బాదుకోవాల్సిన మనిషి మూడు రోజులు నోరెందుకు మూసుకున్నాడో ఎవరికీ తట్టలేదు. బంగారక్కకు తట్టింది.

పళ్లెం కాపరి తిరువేంగళయ్య మూడు తిప్పులు తిప్పాడు. పళ్లెంలో బంగారక్క, ఆమె చేతిలో గడ్డపార. గంటం గరగరా రాసుకుపోయింది.

"ఇప్పుడేమంటావే?" అన్నాడు జగ్గరాయుడు మీసం దువ్వుకుంటూ.

"నేనే కొట్టినా. లేదంటినా?" అంది బంగారక్క. కాపరి వైపు తిరిగి, "ఇంగొక తిప్పు తిప్పు సామీ" అంది.

"మూడే తిప్పాలి. అది శాస్త్రం."

"శాస్త్రం కాదు సామీ, మోచేయి నొప్పి! మీ తాతకు మూడో తిప్పుకే చెయ్యి లాగేసేది. దినామూ ఆముదం రాసింది మా జేజి, మా నాయన తల్లి. ఆయన నొప్పికి మా జేజి మందు పూసింది, మీరు దానికి పూజ చేస్తాండారు."

తిరువేంగళయ్య పిడి మీంచి చెయ్యి తీశాడు. ఆ సంగతి అతని ఇంట్లోనూ చెప్పుకునేవారు మరి. "దాన్ని గట్టు దించండ్రా!" అని జగ్గరాయుడు అరిచేలోపల బంగారక్క పళ్లెం పక్కన చతికిలబడి పిడి పట్టుకుంది. ఇంకొక తిప్పు తిప్పింది.

నాలుగో తిప్పులో, గొడుగు కింద నిలబడి జగ్గరాయుడు. అతని మనుషులు కింది పేటకు నీళ్లు పోయే తూములో రాళ్లూ బంకమట్టీ కూరుతున్నారు. చేతులు జోడించి అడ్డొచ్చిన బంగారక్కను ఒకడు గట్టు మీంచి తోసేశాడు. గంటం అదీ రాసింది. దానికి మూడుకూ నాలుగుకూ తేడా తెలియదు. తెలిసింది జగ్గరాయుడికే; ఒక్కరోజు ముందు ఫిర్యాదు చేసి ఉంటే ఇదంతా మూడో తిప్పులోనే కనిపించేది.

"అంతకుముందు వీళ్లెన్ని నీళ్లు దొంగిలించారో!" అని రంకె వేశాడు జగ్గరాయుడు.

"చూద్దాం దొరా." బంగారక్క పళ్లేన్ని అతని ముందుకు జరిపింది. "అయిదోది నువ్వే తిప్పు. పదోది తిప్పు. మీ నాయన కాలం దాకా తిప్పు. నేనీడే కూసుంటా."

జగ్గరాయుడు పిడి పట్టుకున్నాడు. పట్టుకున్న చెయ్యి కదల్లేదు. గట్టు మీది జనమంతా ఆ చెయ్యి వంకే చూస్తున్నారు. కాసేపటికి అతను "ఎండ ముదిరింది" అని గొణిగి ఇంటిదారి పట్టాడు. బంగారక్క అదే గడ్డపారతో తూములోని మట్టి పెళ్లగించి, ఆ మట్టితోనే గండి పూడ్చింది. ఊరు దాటమని ఆమెతో మళ్లీ ఎవరూ అనలేదు.

గురువుగారు పైపంచె మరోసారి దులుపుకున్నారు.

"మరి మాధవుడి సంగతి?" అన్నాడు శ్రీపతి, గొంతు బాగా తగ్గించి.

"వాణ్ణి పిలుచుకురా నాయనా. పొద్దుటికి ముందు ఏం జరిగిందో చూడ్డానికి పిడి వాడి చేతికిద్దాం."